లెచూగా సాఫీరో తరహా కందోంబే–క్లబ్ లయ: చీకో వరస కుట్టుమిషన్‌లా ఎందుకు మోగుతోంది?

#1 · పదహారో_మాత్ర

ఉరుగ్వే ప్రొడ్యూసర్ లెచూగా సాఫీరో ట్రాక్స్‌లో వినపడే కందోంబే (అక్కడి వీధి మేళాల డ్రమ్ సంగీతం) నడకని ఎఫ్‌ఎల్ స్టూడియో అనే సంగీత సాఫ్ట్‌వేర్‌లో కట్టే ప్రయత్నం ఇది. ప్రాజెక్ట్ వివరాలు:

టెంపో 130, అంటే నిమిషానికి 130 మాత్రలు. మాత్రకి నాలుగు గడులు, ఆవర్తానికి పదహారు. కిక్ 1, 5, 9, 13 గడుల్లో. చీకో, అంటే కందోంబే మేళంలో చిన్న డ్రమ్, ప్రతి మాత్రలో మొదటి గడి ఖాళీ వదిలి 2, 3, 4 గడుల్లో. మదేరా, అంటే చెక్క చప్పుడు, 1, 4, 7, 11, 13 గడుల్లో. స్వింగ్ సగానికి కాస్త పైన. అన్ని నోట్లకీ వెలాసిటీ (దెబ్బ బలం) కొద్దిగా రాండమ్.

నోట్లు సరిగ్గానే ఉన్నాయి. వింటే మాత్రం కుట్టుమిషన్. స్వింగ్ పెంచితే కుంటుతోంది, తగ్గిస్తే మళ్ళీ మిషన్. లోపం ఎక్కడ? ఇంకో ప్రశ్న: దీన్ని రెగ్గేటాన్ డెంబో (ఆ పాటల మూల డ్రమ్ వరస) మీద కట్టిన లయ అనుకోవచ్చా, లేక వేరే వంశమా?

#2 · తకిటతక

రెండో ప్రశ్న తేలిక కాబట్టి ముందు అది. వేరే వంశమే, కానీ దూరపు చుట్టరికం ఉంది.

డెంబోలో కిక్ నాలుగు మాత్రల మీదా పడుతుంది, స్నేర్ 4, 7, 12, 15 గడుల్లో. నోటితో చెప్పుకోవాలంటే తకిట తకిట తక, మళ్ళీ తకిట తకిట తక. ఎనిమిదికోసారి తిరిగే 3-3-2. దీని మూలం జమైకా. 1989లో స్టీలీ అండ్ క్లీవీ జంట చేసిన ‘ఫిష్ మార్కెట్’ రిడిమ్ (పాటల కింద నడిచే వాద్య ట్రాక్) నుంచి పనామా, ప్యూర్టోరికో మీదుగా రెగ్గేటాన్‌లోకి వచ్చింది.

మీరు పెట్టిన మదేరా 3-3-4-2-4. తకిట తకిట తకధిమి తక తకధిమి. మొత్తం పదహారు. క్యూబా సోన్ క్లావే అనే తాళపు వరసతో గడులు సరిగ్గా కలుస్తాయి. డెంబోతో పోలిస్తే ముందు సగం దెబ్బలు ఒకటే, రెండో సగం పూర్తిగా తేడా. డెంబో ఎనిమిదిలో మూసుకుంటుంది, ఇది పదహారుదాకా తెరిచే ఉంటుంది. కాబట్టి డెంబో లూప్ మీద కందోంబే పరిస్తే రెండో సగంలో స్నేర్, మదేరా కొట్టుకుంటాయి. రెండూ కావాలంటే డెంబో స్నేర్‌లో 12, 15 తీసేసి మొదటి సగంలోవి మాత్రం ఉంచండి.

ఇక మొదటి ప్రశ్న. తప్పు స్వింగ్ బటన్‌ది. స్వింగ్ అనేది ప్రతి మాత్రలో రెండో గడినీ నాలుగో గడినీ ఒకే కొలతలో వెనక్కి నెడుతుంది. మూడో గడిని ముట్టుకోదు. చీకో వాద్యకారుడు అలా వాయించడు. 2, 3, 4 దెబ్బలు మూడూ మూడు వేర్వేరు కొలతల్లో, ఒక్కోసారి వేర్వేరు దిక్కుల్లో జరుగుతాయి. ఒక్క బటన్‌కి ఒక్క అంకే ఉంటుంది, మీకు కావాల్సినవి మూడు. అందుకే ఎంత తిప్పినా కుదరదు.

#3 · డిస్క్_దుకాణం

కొత్తవాళ్ళ కోసం లెచూగా సాఫీరో ఎవరో చెబుతా. సొంత పేరు పాబ్లో దె వర్గాస్, ఊరు మాంటెవిడియో. సాల్వియాటెక్ అనే అక్కడి లేబుల్ వెనక ఉన్నవాళ్ళలో ఒకడు. మెక్సికో నగరపు నాఫీ లేబుల్ మీద ఈపీలు వచ్చాయి. మొదటి పూర్తి ఆల్బం 2024లో కొలంబియా లేబుల్ ట్రాట్రాట్రాక్స్ వేసింది. దాని పేరుకి తెలుగు ‘ఒక గోదురుకప్ప చెవుల్లోంచి’ అని. అందులో డ్రమ్ చప్పుళ్ళు చాలావరకు డ్రమ్‌లవి కావు. జంతువుల అరుపులు, నీళ్ళు, గాజు, లోహం, తను తిరిగిన చోట్ల రికార్డ్ చేసుకున్నవి. వాటినే కోసి తాళవాద్యాలుగా మార్చాడు.

పేరు గురించి ఓ మాట. లెచూగా అంటే స్పానిష్‌లో సలాడ్‌లో వేసే లెట్యూస్ ఆకు. గుడ్లగూబ అని రాస్తున్నారు చాలామంది, అది లెచూసా. సాఫీరో అంటే నీలమణి. కలిపితే ‘నీలమణి లెట్యూస్’. అర్థం వెతక్కండి.

ఇతన్ని ‘లాటిన్ క్లబ్’ గంపలో వేయడమే వినికిడిని పాడుచేస్తుంది. ఆ గంపలో మెక్సికో ట్రైబల్, కొలంబియా కుంబియా, డొమినికన్ డెంబో అన్నీ పడేస్తారు. ఇతని కిటుకు మాంటెవిడియో వీధుల కందోంబేలో ఉంది. అది పట్టుకోకుండా రెగ్గేటాన్ ప్యాక్ దించుకుని గుండ్రంగా తిరిగితే ఏమీ తేలదు.

#4 · చిర్ర_సిటికెన

కందోంబే డ్రమ్ సంగతి తెలవకుంట గడుల్ల నోట్లు పెడితే గిట్లనే అయితది. ముందు వాద్యం చూడండ్రి.

మూడు రకాల పీపా డ్రమ్‌లు. చెక్క పలకలు అతికించి చేసిన పీపా, పైన ఒక్కవైపే చర్మం. భుజానికి పట్టీ ఏసుకొని నడుసుకుంట కొడ్తరు. చీకో చిన్నది, సన్నని గొంతు, ఆగకుంట ఒకటే వరస. రెపీకె నడిమిది, సొంతంగ అల్లుకునేది. పియానో అన్నిటికన్న పెద్దది, అడుగు గొంతు. మూడూ కలిస్తె క్వేర్దా. వీధి మేళంల ఒక్కో రకం చానా ఉంటయ్.

ఒక చేతుల పుల్ల, ఇంకో చెయ్యి ఖాళీ. డప్పుకైతె రెండు చేతులల్ల రెండు పుల్లలు, చిర్ర, సిటికెన పుల్ల. కందోంబేల పుల్ల దెబ్బ పదునుగ ఉంటది, చేతి దెబ్బ మెత్తగ ఉంటది. అంటే చీకో మూడు దెబ్బలు ఒక్క శాంపిల్‌తోని చేస్తే అక్కడే సచ్చింది. కనీసం రెండు వేరు శాంపిల్‌లు కావాలె: పుల్లది ఒకటి, చేతిది ఒకటి. ఒక్కోదానికి నాలుగు నుంచి ఆరు దెబ్బలు రికార్డ్ చేసి వంతులవారీగ తిప్పండ్రి. ఒకటే దెబ్బ మల్ల మల్ల వస్తె చెవి రెండు సెకన్లల పట్టేస్తది. వెలాసిటీ రాండమ్ చేస్తె సప్పుడు పెద్దగ చిన్నగ అయితది గని దెబ్బ రంగు మారదు.

ఇంకొకటి. పాతకాలం నుంచి ఆ డ్రమ్‌లను మంట దగ్గర పెట్టి కాచి శ్రుతి చేస్తరు, మనం డప్పు కాచినట్టే. వేడికి చర్మంల తేమ పోయి బిగుస్తది, గొంతు పైకి పోతది. చల్లారినకొద్ది దిగుతది. ఇప్పుడు ఇనుప బిగింపులున్నవి కూడ వాడుతున్నరు. అందుకే పాత వీధి రికార్డింగ్‌ల చీకో శ్రుతి మొదట్ల, చివర్ల ఒకటి ఉండదు. శాంపిల్ తీసేటోళ్ళు ఒక్క నిమిషం ముక్కలకెల్లే తీసుకోవాలె.

#5 · గడిలో_చీమ

‘పియానో’ గురించి ఒక హెచ్చరిక. కందోంబే మిడి ఫైళ్ళలో పియానో అని రాసిన ట్రాక్‌ని కొన్ని సాఫ్ట్‌వేర్‌లు పేరు చూసి కీబోర్డ్ పియానో శబ్దానికి కలిపేస్తాయి. వింటే ప్రయోగాత్మక జాజ్‌లా ఉంటుంది. అది పెద్ద డ్రమ్.

#6 · ఎఫ్‌ఎల్_లోపలిమనిషి

పదహారో_మాత్ర గారూ, మీ ప్రాజెక్ట్‌లో పీపీక్యూ ఎంత? ఎఫ్‌ఎల్‌లో మామూలుగా 96 ఉంటుంది. ఒక మాత్రని 96 ముక్కలు చేస్తుందన్నమాట. 130 టెంపోలో మాత్ర 461.5 మిల్లీసెకన్లు. 96తో భాగిస్తే ఒక ముక్క 4.8 మిల్లీసెకన్లు. మీరు నోటుని 7 మిల్లీసెకన్లు జరపాలనుకుంటే 4.8 దగ్గరో 9.6 దగ్గరో ఆగుతుంది. ఆ తేడా చీకోలో వినపడుతుంది.

ప్రాజెక్ట్ సెట్టింగ్స్‌లో టైమ్‌బేస్ (అదే పీపీక్యూ) 960 పెట్టండి. అప్పుడు ముక్క 0.48 మిల్లీసెకన్లు, ఒక గడి 240 ముక్కలు. నోట్లు పెట్టకముందే మార్చుకోవడం మంచిది. 960లో జరిపిన ప్రాజెక్ట్‌ని తర్వాత 96కి దించితే జరిపినవన్నీ దగ్గరి గీతకి అతుక్కుపోతాయి, చెప్పకుండానే.

పియానో రోల్‌లో (నోట్లు గీసే పట్టిక, డ్రమ్ కాదు) స్నాప్‌ని ‘నన్’లో పెట్టండి, అప్పుడు నోట్లు గీతలకి అతుక్కోవు. స్టెప్ సీక్వెన్సర్‌లో ఈ పని వద్దు.

ఏబుల్టన్ అనే ఇంకో సాఫ్ట్‌వేర్‌లో ముక్కల లెక్క కనపడదు, అక్కడ రికార్డింగ్ నుంచి గ్రూవ్ (దెబ్బల నడక) తీసే పద్ధతే దారి. ఒక్కటి మాత్రం ఎక్కడైనా వర్తిస్తుంది: ట్రాక్ డిలేతో మిల్లీసెకన్లలో జరిపితే టెంపో మార్చినప్పుడు నిష్పత్తి చెడుతుంది. నోట్లనే ముక్కల్లో జరిపితే టెంపోతో పాటు అవీ సాగుతాయి.

#7 · పదహారో_మాత్ర

96 ఉంది. 960కి మార్చాను. ఎంత జరపాలి అన్నదే ఇప్పుడు ప్రశ్న. ఎవరైనా అంకెలు ఇస్తే పెడతా.

#8 · తకిటతక

అంకెలు ఇవ్వను, కొలిచే పద్ధతి ఇస్తా. కోపం తెచ్చుకోకండి. ఒకరి చేతి కొలత ఇంకొకరిది కాదు, 115 టెంపోలో ఉన్నది 140లో ఉండదు. ఇక్కడ ఒక అంకె రాస్తే రేపటికి అదే ‘కందోంబే స్వింగ్’ అని చలామణీ అవుతుంది.

మాంటెవిడియోలోని యూనివర్సిదాద్ దె లా రిపూబ్లికా పరిశోధకులు మార్టిన్ రోకమోరా, లూయిస్ హూరే బృందం ఈ సూక్ష్మ కాల భేదం మీద ఏళ్ళుగా పనిచేస్తోంది. వాళ్ళ కందోంబే రికార్డింగ్‌ల సంపుటి ఉంది: 35 రికార్డింగ్‌లు, దాదాపు రెండు గంటలు, మాత్రలూ ఆవర్తం మొదళ్ళూ గుర్తించిన ఫైళ్ళతో సహా. కొలవడానికి దానికి మించింది లేదు. వాడే ముందు షరతులు చదవండి.

పద్ధతి. చీకో స్పష్టంగా వినపడే చోట 16 ఆవర్తాలు తీసుకోండి, అంటే 64 మాత్రలు. ప్రతి దెబ్బ మొదలయ్యే క్షణం గుర్తించండి. ఆడాసిటీలో లేబుల్ ట్రాక్ చాలు, ఫైల్‌గా బయటికి తీస్తే సెకన్లలో అంకెలు వస్తాయి. ఇప్పుడు ప్రతి దెబ్బకీ ఈ లెక్క: దెబ్బ క్షణంలోంచి ఆ మాత్ర మొదలు తీసేసి, వచ్చిన దాన్ని ఆ మాత్ర నిడివితో భాగించండి. సున్నాకీ ఒకటికీ మధ్య అంకె వస్తుంది. రెండో గడి దెబ్బలన్నిటి సగటు ఒకటి, మూడో గడివి ఒకటి, నాలుగో గడివి ఒకటి. మొత్తం మూడు అంకెలు.

సమాన నడక అయితే 0.25, 0.50, 0.75 రావాలి. రావు. లెక్క చూపడానికి 0.26, 0.49, 0.72 వచ్చాయనుకోండి (ఊహించి రాసినవి, కాపీ కొట్టకండి). 960తో గుణిస్తే 250, 470, 691. అవే మీ పియానో రోల్ ముక్కలు. మాత్ర మొదలు నుంచి లెక్క.

మాత్ర నిడివిని ప్రతిసారీ విడిగా తీసుకోవడం ముఖ్యం. వీధి మేళం టెంపో పోనుపోను పెరుగుతుంది. మొత్తానికి ఒకే టెంపో పెట్టి గీతలు గీస్తే పదో ఆవర్తానికి మీరు కొలిచేది చీకోని కాదు, మేళం పరుగుని.

#9 · గడిలో_చీమ

ఇంత లెక్క ఎందుకు? హ్యూమనైజ్ బటన్ నొక్కితే ప్రతి నోటూ అటూ ఇటూ కదులుతుంది కదా.

#10 · తకిటతక

అది తాగినవాడి నడక. కందోంబే కుంటివాడి నడక కూడా కాదు, నాట్యగత్తె నడక. జరుగుడు ప్రతి మాత్రలోనూ దాదాపు ఒకేలా ఉంటుంది, అందుకే శరీరం దాన్ని ముందే ఊహించి ఊగుతుంది. హ్యూమనైజ్ ఒకసారి ముందుకీ ఒకసారి వెనక్కీ తోస్తుంది, చెవికి ఊహించడానికి ఏమీ దొరకదు. 64 మాత్రల కొలతలో సగటుతో పాటు చెదురు కూడా చూడండి. ఆ చెదురు ఎంత ఉంటే అంతవరకే రాండమ్ కలపండి, అదీ సగటు స్థానం చుట్టూ.

#11 · కప్పలబావి

చప్పుళ్ళ సంగతి నేను తీసుకుంటా. ఇక్కడ తప్పటడుగులు చాలా ఉన్నాయి.

రికార్డర్ 96 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో పెట్టండి. కారణం ‘క్వాలిటీ’ కాదు. శాంపిల్‌ని ఒక స్థాయి, 12 సెమీటోన్లు, కిందికి దింపితే 20 కిలోహెర్ట్జ్‌లో ఉన్నది 10కి వస్తుంది. 44.1లో తీసినదైతే ఆ పైన ఏమీ ఉండదు, చప్పుడు దుప్పటి కప్పినట్టు అవుతుంది. 96లో తీస్తే పైనున్నది కిందికి దిగి ఆ ఖాళీ నింపుతుంది. అయితే మైక్ కూడా 20 దాటి వినగలగాలి. లేకపోతే కిందికి దిగేది మైక్ బుసే. ఫోన్‌లో తీస్తే వాయిస్ రికార్డర్ యాప్ గెయిన్ని తనంతట తానే ఎక్కించి దించుతుంది, దెబ్బ మొన విరిగిపోతుంది. ఆ సదుపాయం ఆపగలిగిన యాప్, వేవ్ ఫైల్ ఇచ్చే యాప్ వాడండి.

సీసాలు. నీళ్ళు పోసిన గాజుసీసాని పుల్లతో కొడితే నీళ్ళు పెరిగినకొద్దీ శ్రుతి దిగుతుంది, ఎందుకంటే గాజుకి బరువు తోడవుతోంది. అదే సీసా మూతి మీద ఊదితే నీళ్ళు పెరిగినకొద్దీ శ్రుతి ఎక్కుతుంది, ఎందుకంటే లోపలి గాలి తగ్గుతోంది. ఈ రెండూ ఒకే సీసా నుంచి తీసుకుంటే ఒకటి ఎక్కుతూ ఒకటి దిగుతూ సహజమైన జంట దొరుకుతుంది. కొట్టినది చీకో పుల్ల దెబ్బకి, ఊదినది బేస్ గొంతుకి. సీసాని చేత్తో పట్టుకుంటే మోత చస్తుంది. మెడకి దారం కట్టి వేలాడదీసి కొట్టండి.

కప్పలు. ఒక బెకబెక అరుపులో చాలా చిన్న చిటుకులు వరసగా ఉంటాయి. ఒక్క చిటుకు కోసుకుంటే పొడి తాళవాద్యం, మొత్తం అరుపు ఉంచుకుంటే రెపీకె ఉరవడి. ఉరవడిగా వాడాలంటే చిటుకుల ఎడం లయకి కుదరాలి. 130లో గడిలో సగం 57.7 మిల్లీసెకన్లు. మీ కప్ప చిటుకుల మధ్య 40 మిల్లీసెకన్లుంటే వేగాన్ని 0.693 వంతుకి దించాలి. టైమ్ స్ట్రెచ్ పెట్టకుండా శ్రుతితో పాటు దింపితే అది 6 సెమీటోన్ల 34 సెంట్లు కిందికి. స్ట్రెచ్‌తో శ్రుతి అలాగే ఉంచి సాగదీస్తే చిటుకుల మొనలు అలుక్కుపోతాయి, అరుపు రబ్బరులా వినపడుతుంది. శ్రుతి పడిపోనివ్వండి. కప్ప ఏమీ అనుకోదు.

అన్నిటికన్నా ముఖ్యం: శాంపిల్ మొదట్లో ఖాళీ. కోసేటప్పుడు 5 మిల్లీసెకన్ల నిశ్శబ్దం మిగిలితే ఆ దెబ్బ ఎప్పటికీ 5 మిల్లీసెకన్లు ఆలస్యం. తకిటతక గారు కొలిపించిన ముక్కలన్నీ వృథా. దెబ్బ మొదలయ్యే చోట సున్నా గీత దాటే బిందువు దగ్గర కోసి, ఒక మిల్లీసెకను ఫేడ్ పెట్టండి. అంతకన్నా ఎక్కువ ఫేడ్ పెడితే మొన పోతుంది.

#12 · ఎఫ్‌ఎల్_లోపలిమనిషి

దానికి తోడు, ఎంపీ3 నుంచి తీసిన శాంపిల్‌లకి ముందు ఖాళీ దానంతట అదే చేరుతుంది. ఎన్‌కోడర్ కలిపే ఖాళీ, సాధారణంగా 25 మిల్లీసెకన్లో అంతకు మించో. 130లో ఒక గడి 115 మిల్లీసెకన్లే, అంటే గడిలో ఐదో వంతు పైన గల్లంతు.

#13 · కప్పలబావి

అవును. ఇంకా చిక్కు ఏంటంటే నీళ్ళు, కప్ప, ఊపిరి లాంటి మెల్లగా లేచే చప్పుళ్ళకి ఫైల్ మొదలూ చెవికి దెబ్బ తగిలే క్షణమూ ఒకటి కాదు. తరంగం చూసి సరిగ్గా కోసినా వెనకబడ్డట్టు వినపడుతుంది. వాటిని 10 నుంచి 25 మిల్లీసెకన్లు ముందుకి జరపాలి. ఎంతో చెవితోనే తేల్చాలి: పదునైన క్లిక్ ఒకటి గడి మీద పెట్టి, నీటి దెబ్బని దానితో పాటు వాయించి, రెండూ ఒక్కటై వినపడేదాకా జరపండి. ఆ అంకె శాంపిల్ పేరులోనే రాసుకోండి: ‘నీరు_కుండ_మైనస్18’.

లేదా సుళువు దారి: లోహపు చప్పుడు నుంచి మొదటి 5 మిల్లీసెకన్లు కోసి ఆ నీటి దెబ్బకి ముక్కుగా అతికించండి. మొన లోహానిది, ఒళ్ళు నీటిది. అప్పుడు జరపాల్సిన పనే తగ్గుతుంది. లెచూగా సాఫీరో చప్పుళ్ళు వినేటప్పుడు ఏ వస్తువో చెప్పలేకపోవడానికి ఇలాంటి అతుకులు ఒక కారణం కావచ్చని నా అంచనా.

#14 · బాస్_బిన్

కిక్ గురించి ఎవరూ మాట్లాడలేదు, క్లబ్ అంటున్నారు.

చీకో ప్రతి మాత్రలో మొదటి గడి ఖాళీ వదులుతుంది. హౌస్, టెక్నో కిక్ సరిగ్గా ఆ గడిలోనే పడుతుంది. అంటే వీధి మేళం వదిలిన గుంటలో క్లబ్ కిక్ కూర్చుంటుంది, ఒకదాన్నొకటి తొక్కవు. ఈ రెండు లోకాలు అతకడానికి మూలం ఇదే అంటాను.

కానీ కిక్ తోక పొడుగైతే మొత్తం పాడవుతుంది. 130లో చీకో మొదటి దెబ్బ కిక్ తర్వాత దాదాపు 115 మిల్లీసెకన్లకి వస్తుంది. మామూలు ప్యాక్ కిక్‌లు 250, 300 మిల్లీసెకన్లు సాగుతాయి. దాని కింద చీకో 2, 3 గడుల దెబ్బలు మునిగిపోతాయి, మీకు నాలుగో గడి ఒక్కటే వినపడి కుంటినట్టు ఉంటుంది. కిక్‌ని 110 లోపు తుంచండి. బలం తగ్గుతుందని భయపడకండి, 50 హెర్ట్జ్ అల ఒక్కటి 20 మిల్లీసెకన్లు, 110లో ఐదున్నర అలలు పడతాయి. ఛాతీకి అది చాలు.

సైడ్‌చెయిన్‌తో (కిక్ పడ్డప్పుడల్లా ఇంకో చప్పుడుని తగ్గించే కిటుకు) చీకోని తొక్కకండి. గుంట ఎలాగూ ఉంది. బేస్‌ని మాత్రం తొక్కండి, విడుదల 90 మిల్లీసెకన్ల దగ్గర. 110 హెర్ట్జ్ కింద అంతా మోనో. చీకోకి 200 హెర్ట్జ్ కింద కోసేయండి, ఆ ఇల్లు పియానో డ్రమ్‌ది.

#15 · చిర్ర_సిటికెన

ఆ నాలుగు కిక్‌ల మాట నాకు సమ్మతం కాదు. చీకో మొదటి గడి ఇడిసిపెట్టేదే ఇనేటోడు లోపల నింపుకోవాలె అని. కిక్‌తోని గుంట పూడ్చినంక నింపుకునేటందుకు ఏం మిగిలింది? అడుగు గొంతు పని పియానో చేస్తది. పియానో వరసనే కిక్‌తోని కొట్టించి చూడండ్రి, నాలుగు కిక్‌లు తీసేసి.

#16 · బాస్_బిన్

డాన్స్ ఫ్లోర్ మీద కందోంబే తెలియనివాళ్ళకి మాత్ర దొరకదు అన్నా. వాళ్ళకి రెండో గడి దెబ్బే మొదటిదనిపిస్తుంది.

#17 · తకిటతక

ఇద్దరిదీ నిజమే, వేర్వేరు చోట్ల. బాస్_బిన్ చెప్పిన మోసం పెద్దది. చీకో మొదటి దెబ్బ తాళం మొదలయ్యాక పడుతుంది, కర్ణాటక సంగీతంలో అనాగత గ్రహం లాగ. తాళం వేసే చెయ్యి కనపడకపోతే ఎత్తుగడే తాళం మొదలనుకుంటాం. కందోంబేలో ఆ చెయ్యి పని మదేరా చేస్తుంది. మేళం ఎత్తుకునేటప్పుడు డ్రమ్ పీపా పక్కన పుల్లతో కొట్టే ఆ 3-3-4-2-4 దారి చూపిస్తుంది.

కాబట్టి ట్రాక్ మొదట్లో ఎనిమిది ఆవర్తాలు మదేరా, చీకో మాత్రమే. తర్వాత కిక్ ఒకటో మాత్రకి ఒకటే. తర్వాత నాలుగు. మధ్యలో ఎక్కడో నాలుగూ తీసేసి పియానో వరసకి వదిలేయండి. అప్పటికి వినేవాడికి మాత్ర ఒంట్లో పట్టి ఉంటుంది, గుంట తనే నింపుకుంటాడు. చిర్ర_సిటికెన గారు అడుగుతున్నది అక్కడ దక్కుతుంది.

పియానో వరసని మాత్రం ఇంటర్నెట్‌లో దొరికిన ఒక్క నొటేషన్ నుంచి తీయకండి. అది పేటని బట్టి మారుతుంది. మాంటెవిడియోలో మూడు తల్లి బాణీలు: బార్రియో సూర్ పేట క్వారెయిమ్, పలెర్మో పేట అన్సినా, కోర్దోన్ పేట గబోతో. అన్సినా ఉరుకుతుంది, క్వారెయిమ్ నిదానం. మూడింటినీ ఒకే లూప్‌లో కలిపితే తెలిసినవాళ్ళకి కోస్తా యాస, తెలంగాణ యాస, రాయలసీమ యాస ఒకే వాక్యంలో విన్నట్టుంటుంది.

#18 · డిస్క్_దుకాణం

ఆ పేటల పేర్ల వెనక ఉన్నదీ తెలియాలి. ఆఫ్రికా నుంచి బానిసలుగా తెచ్చినవాళ్ళ సంతతి కిక్కిరిసి బతికిన లోగిళ్ళు అవి, కొన్వెంతీయో అంటారు. క్వారెయిమ్ వీధిలోని మెదియోముందో లోగిలిని సైనిక పాలన 1978 డిసెంబర్ 3న ఖాళీ చేయించి తర్వాత కూల్చింది. ఇప్పుడు డిసెంబర్ 3 ఉరుగ్వేలో కందోంబే జాతీయ దినం. యునెస్కో 2009లో తన జాబితాలో చేర్చింది. ఇళ్ళు పోయాక జనం ఊరంతా చెదిరారు, బాణీలు మాత్రం పాత వీధుల పేర్లతోనే నిలిచాయి. అందుకే ఎవరి బాణీ అన్నది అక్కడ చిన్న విషయం కాదు.

#19 · వేదిక_కాపలా

శాంపిల్‌ల గురించి ఒక్క మాట, తర్వాత కొనసాగించండి. పరిశోధన సంపుటిలోని రికార్డింగ్‌లని కొలతకి వాడటం వేరు, కోసి ట్రాక్‌లో పెట్టి అమ్మడం వేరు. కాలపు కొలతలు తీసుకోండి, చప్పుళ్ళు సొంతంగా చేసుకోండి. లింకులు పెట్టి ‘ఇదిగో ఫ్రీ ప్యాక్’ అంటే తీసేస్తాను.

#20 · పదహారో_మాత్ర

మార్చినవి: టైమ్‌బేస్ 960. స్వింగ్ సున్నా. 64 మాత్రలు కొలిచి మూడు సగటులు పెట్టాను. చీకోకి పుల్ల శాంపిల్‌లు 5, చేతివి 4, వంతులవారీగా. శాంపిల్‌ల మొదళ్ళు మళ్ళీ కోశాను, రెండింటిలో 9 మిల్లీసెకన్ల ఖాళీ ఉంది. కిక్ 95 మిల్లీసెకన్లకి తుంచాను.

మిషన్ పోయింది. కొత్త సమస్య రెండు. ఒకటి, చీకోకి రివర్బ్ పెడితే మళ్ళీ అలికినట్టు అవుతోంది. రెండు, మదేరా గడి మీద సూటిగా ఉంది, చీకో జరిగి ఉంది. రెండూ దగ్గరగా పడే చోట టకటక అని జంట దెబ్బ వినపడుతోంది, ముఖ్యంగా 4, 7, 11 గడుల్లో.

#21 · తకిటతక

రెండోది ముందు. 4 అంటే మొదటి మాత్రలో నాలుగో గడి. 7 రెండో మాత్రలో మూడోది. 11 మూడో మాత్రలో మూడోది. ఈ మూడు చోట్లా చీకో కూడా కొడుతోంది. 1, 13 మాత్ర మొదళ్ళు, అక్కడ చీకో లేదు కాబట్టి గొడవ లేదు. మదేరా వాయించేదీ అదే మేళంలో మనిషే, అతని చెయ్యి కూడా అదే నడకలో ఉంటుంది. మదేరా 4ని చీకో నాలుగో గడి సగటుకి, 7, 11లని మూడో గడి సగటుకి జరపండి. 1, 13 కదపొద్దు. కిక్ అక్కడే ఉంది.

ఒక్క మిల్లీసెకను కూడా తేడా లేకుండా అతికించకండి. రెండు మూడు మిల్లీసెకన్లు ఉండనివ్వండి, ఇద్దరు మనుషులు కదా.

#22 · బాస్_బిన్

రివర్బ్: హాల్ ప్రీసెట్ అయితే తీసేయండి. 0.3 నుంచి 0.4 సెకన్ల చిన్న గది, మోనో, 400 హెర్ట్జ్ కింద కోసి. చీకో మీద కాదు, మదేరా మీద పెట్టండి. చీకో పొడిగా ముందు నిలబడాలి, చెక్క చప్పుడు వెనక గోడకి తగిలి రావాలి. వీధిలో మేళం మధ్యలో నిలబడ్డప్పటి దూరం అలా వస్తుంది. చీకోకి చోటు కావాలనిపిస్తే రివర్బ్ బదులు పక్కల నుంచి 20, 31 మిల్లీసెకన్ల రెండు పొడి ప్రతిధ్వనులు, అసలు దానికన్నా 14 డెసిబెల్స్ తక్కువగా. గుండ్రటి అంకెలు పెట్టకండి, ఒకటి ఇంకొకదానికి రెట్టింపైతే మోతలో లోహపు గీర వస్తుంది.

#23 · చిర్ర_సిటికెన

మంచిగయ్యింది. ఇగ రెపీకె. దాన్ని లూప్ చేసినవంటె చేసినదంత నీళ్ళపాలు. 16 ఆవర్తాలు విడిగ వాయించి రికార్డ్ చెయ్యి, ప్యాడ్ మీదనైనా సరే, బల్ల మీద పుల్లతోనైనా సరే. మొత్తం క్వాంటైజ్ చెయ్యకు, అంటే దెబ్బలన్ని గడి గీతల మీదికి గుంజకు. చీకోకి దూరం పోయిన దెబ్బలు రెండో మూడో ఉంటె అవి ఒక్కటే సరిచెయ్యి. మాటకి మాట జవాబిచ్చినట్టు ఉండాలె, నాలుగు ఆవర్తాలు మాట్లాడి రెండు ఆవర్తాలు మదేరా కొట్టుకుంట ఊకుండాలె.

#24 · పదహారో_మాత్ర

మదేరా జరిపాక జంట దెబ్బ పోయింది. చిన్న గది మదేరాకే పెట్టాను, చీకో పొడిగా ఉంది. రెపీకెకి కప్పలబావి గారు చెప్పిన కప్ప ఉరవడి వాడుతున్నా. చిటుకుల ఎడం 44 మిల్లీసెకన్లు వచ్చింది, కాబట్టి 4 సెమీటోన్ల 69 సెంట్లు దింపాను. పియానో వరస అన్సినా రికార్డింగ్ నుంచి కొలుస్తున్నా. అయ్యాక ఫైల్ ఇక్కడే పెడతా, ఎంపీ3 చాలా?

#25 · ఎఫ్‌ఎల్_లోపలిమనిషి

వేవ్ పెట్టండి బాబూ. ఎంపీ3 పెడితే ఆ 25 మిల్లీసెకన్లు ఎక్కడివా అని ఇంకో పాతిక పోస్టులు అవుతాయి.